ట్రోల్ 2: మళ్లీ మళ్లీ వచ్చే సందేహాలు, వాటికి జవాబులు

1990లో వచ్చిన ఈ చిన్న హారర్ సినిమా పేరెత్తితే చాలు, అందరూ అవే ప్రశ్నలు అడుగుతారు. చూడనివాళ్లు "చెత్త సినిమా ఎందుకు చూడాలి" అంటారు. చూసినవాళ్లు "అసలు నేనేం చూశాను" అంటారు. అందుకే అన్నీ ఒకచోట చేర్చాం. వరసగా చదవక్కర్లేదు, కావలసిన ప్రశ్న దగ్గరికి నేరుగా వెళ్లిపోవచ్చు. క్లైమాక్స్ చెప్పేసే జవాబు ఒకటుంది, దాని హెచ్చరిక ఆ ప్రశ్నలోనే ఉంది.

## చూడక ముందు

అసలు ఏంటీ సినిమా? రెండు ముక్కల్లో చెప్పండి.

వెయిట్స్ అనే అమెరికన్ కుటుంబం సెలవులకని నిల్‌బాగ్ అనే పల్లెటూళ్లో ఒకళ్లతో ఇల్లు మార్చుకుంటుంది. వాళ్లు వీళ్లింటికి, వీళ్లు వాళ్లింటికి అన్నమాట. ఆ ఊళ్లో మనుషుల్లా తిరిగేవాళ్లంతా నిజానికి గాబ్లిన్లు, అంటే మరుగుజ్జు రాక్షసులు. ఆ సంగతి పసిగట్టేది జాషువా అనే పిల్లాడొక్కడే. వాడికి సాయం చేసేది ఆరు నెలల కిందట పోయిన తాత సేథ్. అమ్మానాన్నలు నమ్మరు. అక్క హాలీ బాయ్‌ఫ్రెండ్ ఎలియట్ తన ముగ్గురు స్నేహితుల్ని వెంటేసుకుని క్యారవాన్‌లో వెనకే వస్తాడు. దర్శకుడు ఇటలీకి చెందిన క్లాడియో ఫ్రగాసో. తెర మీద మాత్రం డ్రేక్ ఫ్లాయిడ్ అనే పేరు పడుతుంది.

మొదటి భాగం చూడకపోతే ఇది అర్థమవుతుందా?

చూసినా ఒరిగేదేమీ లేదు. 1986లో జాన్ కార్ల్ బుక్లర్ తీసిన 'ట్రోల్' శాన్‌ఫ్రాన్సిస్కోలోని ఒక అపార్ట్‌మెంట్‌లో జరిగే కథ. దీనితో కథ కలవదు, పాత్రలు కలవవు, ఊరు కలవదు, తీసినవాళ్లు కూడా కలవరు. మొదటి సినిమాలో హీరో కుర్రాడి పేరు హ్యారీ పాటర్ కావడం ఒక్కటే ఇప్పుడు జనం చెప్పుకునే విశేషం. మాంత్రిక పిల్లాడి నవలలు రావడానికి పదేళ్ల ముందు సంగతి అది.

ఇంతకంటే చెత్త సినిమా లేదంటారు. మరి పనిగట్టుకుని ఎందుకు చూడాలి?

చెత్త సినిమాల్లో తొంభై పాళ్లు విసుగు పుట్టించేవే. పావుగంటకి మనసు ఫోన్ మీదికి పోతుంది. ఈ సినిమాలో ఆ ప్రమాదం లేదు. రెండు నిమిషాలకోసారి, బుర్ర ఉన్న మనిషెవరూ తీసుకోని నిర్ణయం ఒకటి తీసుకుంటారు, దాన్ని పూర్తి నమ్మకంతో తెర మీద పెడతారు. నాన్న కొడుకు మీద కోప్పడుతూ తన బెల్టు విప్పబోతాడు. కొడతాడేమో అనుకుంటాం. ఆకలి తెలియకుండా ఒక రంధ్రం బిగిస్తున్నానంటాడు! ఈ మలుపు ఏ హాస్య రచయితకీ తట్టదు.

ఇంకో సంగతి. కెమెరా పట్టింది జియాన్‌కార్లో ఫెర్రాండో. ఇటలీ థ్రిల్లర్లకు ఏళ్ల తరబడి పనిచేసిన అనుభవజ్ఞుడు. అందుకే వెలుతురు, ఫ్రేములు చాలాచోట్ల నికార్సైన సినిమాలాగే ఉంటాయి. చేయి తిరిగిన ఫొటోగ్రఫీలో గోనెగుడ్డ తొడుక్కుని, కదలని రబ్బరు ముఖం పెట్టుకున్న రాక్షసుడు నడిచొస్తుంటే పుట్టే నవ్వు, ఇంట్లో కెమెరాతో సరదాగా తీసుకున్న వీడియోలో పుట్టదు.

నా మటుకు దీన్ని "చెత్త" అనడానికే మనసొప్పదు. పనితనం ప్రకారం చూస్తే చెత్తే, కాదనను. కానీ గొప్ప బడ్జెట్ సినిమాలు ఎన్నో చూసిన మర్నాడే మర్చిపోయాను. దీన్ని మర్చిపోవడం నా వల్ల కాలేదు.

పిల్లలతో కలిసి చూడొచ్చా?

అమెరికాలో దీనికి పీజీ-13 రేటింగ్ ఇచ్చారు, అంటే పదమూడేళ్ల లోపు పిల్లల విషయంలో పెద్దలు జాగ్రత్తపడాలని. రక్తం కంటే ఆకుపచ్చ జిగురు ఎక్కువ. అయినా మనుషులు మొక్కలుగా మారిపోయే దృశ్యాలు, మొక్కజొన్న పొత్తుతో ఒక వింత సరస సన్నివేశం ఉన్నాయి. పదేళ్ల లోపు పిల్లలకైతే ముగింపు నిజంగానే పీడకల. పెద్దలు ముందు ఒకసారి చూసుకుంటే మంచిది.

ఒంటరిగా చూడాలా, నలుగురితో కలిసా?

నలుగురితో. ఆ నలుగురిలో ఒకరైనా ఇంతకుముందు చూసినవాళ్లుండాలి, కానీ వాళ్లు నోరు మూసుకుని కూర్చోవాలి. నిడివి గంటన్నర పైచిలుకు. ఇంటర్నెట్‌లో తిరిగే ముక్కలు ముందే చూసేస్తే సగం మజా పోయినట్టే.

## చూస్తుండగా వచ్చే సందేహాలు

టైటిల్‌లో ట్రోల్ అని ఉంది. సినిమాలో ట్రోల్ ఎక్కడ?

ట్రోల్ అంటే యూరప్ జానపద కథల్లో వచ్చే ఒక రకం రాక్షసుడు. అది ఎక్కడా లేదు. ఒక్కటంటే ఒక్కటి కూడా లేదు. సినిమా మొత్తంలో ఆ మాట కూడా ఎవరూ అనరు. షూటింగప్పుడు దీని పేరు 'గాబ్లిన్స్'. అమ్ముకునే దశలో, వీడియో మార్కెట్లో కాస్తో కూస్తో పేరున్న 'ట్రోల్'కి రెండో భాగమని చెబితే గిరాకీ ఉంటుందని పేరు మార్చారు. ఊరి పేరు నిల్‌బాగ్‌ని ఇంగ్లీషు అక్షరాల్లో తిరగేసి చదివితే గాబ్లిన్ అని వస్తుంది. కథలోని పెద్ద రహస్యం అదే. టైటిల్ మారినా ఆ రహస్యం అలాగే మిగిలిపోయింది, టైటిల్‌కీ దానికీ పొంతన లేకుండా.

రాక్షసులు శాకాహారులంటున్నారు. మరి మనుషుల్ని ఎలా తింటారు?

సినిమాలో అన్నిటికంటే పకడ్బందీగా ఆలోచించిన విషయం ఇదే. గాబ్లిన్లు మాంసం ముట్టరు. మనిషిని తినాలంటే ముందు మనిషి మొక్కవ్వాలి. అందుకని ఆకుపచ్చ పదార్థం కలిపిన తిండి, పాలు పెడతారు. తిన్నవాళ్లకి ఆకుపచ్చ చెమట పడుతుంది, ఒళ్లు మెత్తబడుతుంది, కొమ్మలూ ఆకులూ మొలుస్తాయి. అప్పుడు అందరూ చుట్టూ చేరి చేతుల్తో తింటారు. ఊళ్లోవాళ్లు ఇంటికొచ్చి మరీ తిండి తినమని బతిమాలడం, చర్చిలో మాంసాహారం మీద ప్రసంగం దంచడం, అన్నీ ఈ ఒక్క నియమంలోంచి పుట్టినవే.

దీనికి విరుగుడు కూడా అదే తర్కంతో దొరుకుతుంది. చివర్లో తాత సేథ్ మనవడికి ఇచ్చే బ్రహ్మాస్త్రం ఒక డబుల్ డెక్కర్ బొలోనా సాండ్‌విచ్, అంటే మాంసం ముక్కలు పెట్టిన రొట్టె. శాకాహార రాక్షసుల ముందు పిల్లాడు దాన్ని కొరుక్కు తింటుంటే వాళ్లు హడలిపోతారు. నవ్వండి, కానీ నియమం ఎక్కడా తప్పలేదని ఒప్పుకోండి.

వీళ్లంతా ఎందుకిలా మాట్లాడుతున్నారు? ఇది డబ్బింగ్ సినిమానా?

కాదు. మీరు వింటున్నది ఆ అమెరికన్ నటుల సొంత గొంతులే, సినిమా ఇంగ్లీషులోనే తీశారు. స్క్రిప్టు రాసింది మాత్రం ఇంగ్లీషు మాతృభాష కాని ఇటాలియన్ దంపతులు: దర్శకుడు ఫ్రగాసో, ఆయన భార్య రొసెల్లా ద్రూడి. ఆ డైలాగులు వ్యాకరణం ప్రకారం చాలావరకు సరైనవే. పుట్టి బుద్ధెరిగాక ఏ అమెరికనూ అలా మాట్లాడి ఉండడు, అంతే. మాటల్ని మా వాడుకలోకి మార్చుకుంటామని అడిగితే, కాగితం మీద ఉన్నది ఉన్నట్టే చెప్పమన్నారని నటులు తర్వాతి రోజుల్లో చెప్పారు. దర్శకుడు ఈ మాట విన్నప్పుడల్లా మండిపడుతుంటాడు.

దానికి తోడు ఇటలీ నుంచి వచ్చిన సిబ్బందిలో చాలామందికి ఇంగ్లీషు అంతంతమాత్రమే. నటుల్లో చాలామందికి అనుభవం లేదు. పరాయిభాషలో పుట్టిన వాక్యాన్ని, నటన తెలియని మనిషి, తనకి అర్థంకాని సూచనలు వింటూ, ప్రాణం పెట్టి పలికితే ఏ యాస వస్తుందో అదే ఈ సినిమా యాస. కావాలని పుట్టించడం ఎవరి తరమూ కాదు.

పిల్లాడు భోజనం బల్ల మీద నిజంగానే ఆ పని చేశాడా?

చేశాడు. కుటుంబమంతా ఆకుపచ్చ తిండికి చేయి చాచబోతుంటే తాత దయ్యం కాలాన్ని ముప్పై సెకన్లు ఆపుతాడు. ఈలోగా ఏదో ఒకటి చెయ్యమంటాడు. జాషువా చాలా ఆలోచించి, భోజనం మొత్తం మీద ఉచ్చ పోసేస్తాడు. మనకి చూపించరు గానీ సంగతి అదే. తర్వాత నాన్న వాణ్ని గదిలోకి ఎత్తుకెళ్లి, ఆతిథ్యం మీద ఉచ్చ పోస్తే ఊరుకునేది లేదని గర్జిస్తాడు. అభిమానుల టీషర్టుల మీద ఎక్కువగా కనిపించే డైలాగు ఇదే.

ఆ కళ్లద్దాల కుర్రాడి అరుపు ఎందుకంత ఫేమస్?

అతని పాత్ర పేరు ఆర్నాల్డ్. తన కళ్లముందే ఒకమ్మాయి ఆకుపచ్చ ముద్దగా మారి గాబ్లిన్ల నోట్లోకి పోతుంటే, "ఆమెను తింటున్నారు, ఆ తర్వాత నన్ను తింటారు" అని జరుగుతున్నదీ జరగబోయేదీ వరసగా వివరిస్తాడు. ఆ తర్వాత "ఓ మై గాడ్" అని ఒక దీర్ఘమైన రాగం తీస్తాడు. భయపడినవాడు వ్యాఖ్యానం చెప్పడం ఒక వింతైతే, సరిగ్గా అప్పుడే నుదుటి మీద ఒక ఈగ వచ్చి వాలడం ఇంకో వింత. ఆ షాట్‌ని మళ్లీ తియ్యలేదు. ఇంటర్నెట్‌లో ఈ సినిమా పేరు తెలియనివాళ్లకి కూడా ఈ ముక్క తెలుసు.

మొక్కజొన్న సీన్‌కి అర్థం ఏంటి?

గాబ్లిన్ల పక్షాన ఉన్న మంత్రగత్తె క్రీడెన్స్ అందగత్తెగా మారి క్యారవాన్‌లో ఉన్న కుర్రాడి దగ్గరికి మొక్కజొన్న పొత్తు పట్టుకుని వెళుతుంది. ఇద్దరూ చెరో చివర కొరుకుతారు. వాళ్ల వేడికి గింజలు పేలాలై క్యారవాన్ నిండిపోతుంది. అర్థం అంతే. పైకి కనిపించనిది ఏదో ఉందని వెతికే పని పెట్టుకోకండి.

చివర్లో అమ్మకి ఏమవుతుంది? (చూడనివాళ్లు దాటెయ్యండి)

గాబ్లిన్లని ఓడించి కుటుంబం సొంత ఇంటికి చేరుతుంది. కానీ ఇల్లు మార్చుకోవడం అంటే వాళ్లు కూడా ఇక్కడ ఉండి వెళ్లారని అర్థం. ఇంట్లో వదిలిన తిండి తిని అమ్మ మొక్క అయిపోతుంది. జాషువా గదిలోకొచ్చేసరికి గాబ్లిన్లు ఆమెను తింటూ, నీకూ కావాలా అని వాణ్ని అడుగుతాయి. సినిమా అక్కడ ఆగిపోతుంది. మొదటి పది నిమిషాల్లో మామూలుగా చెప్పిన ఒక చిన్న ఏర్పాటుని చివర్లో ఇలా వాడుకోవడం మంచి స్క్రిప్టు చేసే పనే. నవ్వుతున్న గది ఈ షాట్ దగ్గర ఒక్కసారి తడబడుతుంది.

## చూశాక: తెర వెనక సంగతులు

ఇటలీ వాళ్లు అమెరికా పల్లెటూరికి ఎందుకొచ్చారు?

అమెరికన్ సినిమాలా కనిపిస్తేనే వీడియో మార్కెట్లో ధర పలుకుతుంది కాబట్టి. నిర్మాణం వెనక ఉన్నది జో డమాటో కంపెనీ ఫిల్మిరాజ్. డమాటో అసలు పేరు అరిస్టీడే మస్సాచ్చేసి. తక్కువ ఖర్చుతో, ఎక్కువ వేగంతో, లెక్కలేనన్ని మారుపేర్లతో సినిమాలు తీసినవాడు. 1989 వేసవిలో యూటా రాష్ట్రంలోని మోర్గన్, పోర్టర్‌విల్ ప్రాంతాల్లో షూటింగ్ జరిగింది. నటుల్ని అక్కడివాళ్లలోంచే తీసుకున్నారు. రాక్షసుల దుస్తులు చూసుకున్నది లారా జెమ్సర్, 1970ల ఇటలీ సినిమాల్లో నటిగా పేరు పొందినావిడ.

సంబంధం లేని సినిమాకి "2" అని ఎలా తగిలించేశారు?

ఇటలీ చిల్లర బడ్జెట్ సినిమాలకి అది అప్పటికే పాత అలవాటు. అమెరికన్ దర్శకుడు జార్జ్ రొమేరో 1978 నాటి జాంబీ (నడిచే శవాల) సినిమా ఇటలీలో 'జాంబీ' పేరుతో ఆడింది. మరుసటి ఏడాదే లూచో ఫుల్చీ తీసిన వేరే సినిమా 'జాంబీ 2' అయి కూర్చుంది. అమెరికన్ హారర్ 'ఈవిల్ డెడ్' రెండు భాగాలూ అక్కడ 'లా కాజా', 'లా కాజా 2' పేర్లతో విడుదలైతే, ఇటలీ నిర్మాతలు తమ సొంత సినిమాలకి 3, 4, 5 నంబర్లు ఇచ్చేసుకున్నారు. ఆ 'లా కాజా 5' తీసింది ఎవరనుకున్నారు? ఈ ఫ్రగాసోనే. అందులో పిల్లాడిగా వేసింది కూడా ఇక్కడ జాషువాగా నటించిన మైఖేల్ స్టీఫెన్సనే.

ఫ్రగాసోకి నంబర్ల ఆట కొత్త కాదు. ఫుల్చీ మొదలుపెట్టి బ్రూనో మట్టేయి పూర్తిచేసిన 'జాంబీ 3'కి స్క్రిప్టులో ఇతని చేయుంది. కాబట్టి 'గాబ్లిన్స్' కాస్తా 'ట్రోల్ 2' కావడం ఇతని సినీ జీవితంలో ఆశ్చర్యపడాల్సిన ఘట్టం కాదు. ఈ పద్ధతిని మోసం అనొచ్చు. పోస్టర్ చూసి క్యాసెట్ అద్దెకు తెచ్చుకున్నవాడి కోణంలో మోసమే. కానీ ఈ మోసమే లేకపోతే 'గాబ్లిన్స్' అనే సినిమా అల్మరా అడుగున దుమ్ముపట్టిపోయేదేమో. టైటిల్‌కీ సినిమాకీ ఉన్న ఆ పొత్తులేనితనమే జనం దీని గురించి ఒకరికొకరు చెప్పుకోవడానికి మొదటి కారణమైంది.

తీసినవాళ్లు కామెడీ అనుకునే తీశారా?

లేదు, అదే దీని బలం. రొసెల్లా ద్రూడి స్నేహితులు చాలామంది శాకాహారులైపోయి ఆమెకి చిరాకు తెప్పించారట. ఆ చిరాకులోంచి ఈ కథ పుట్టిందని ఆమే చెప్పింది. ఫ్రగాసో దృష్టిలో ఇది కుటుంబం, తిండి, చావు బతుకుల గురించిన గంభీరమైన కథ. ఏళ్ల తర్వాత అమెరికాలో హాలు నిండా జనం నవ్వుతుంటే, నవ్వాల్సిన చోట సరే, నవ్వకూడని చోట కూడా నవ్వుతున్నారేమిటని ఆయన నొచ్చుకున్నాడు.

కావాలని చెత్తగా తీసిన సినిమాలు ఆ తర్వాత బోలెడన్ని వచ్చాయి. అవి పది నిమిషాలు నవ్విస్తాయి, ఆ తర్వాత చేతకాని జోకర్‌లా కన్నుగీటుతూ కూర్చుంటాయి. 'ట్రోల్ 2'లో ఒక్కరూ కన్నుగీటరు. నాన్న పాత్రధారి బెల్టు బిగించేటప్పుడు ఆ డైలాగు అసంబద్ధమని తెలిసినట్టు ఒక్క రేఖ కూడా ముఖంలో కనిపించదు. సినిమా మొత్తం ఆ ముఖం మీదే నిలబడింది.

ఆ నటులంతా తర్వాత ఏమయ్యారు?

నాన్నగా వేసిన జార్జ్ హార్డీ వృత్తిరీత్యా దంతవైద్యుడు. చిన్న వేషం దొరికితే చాలనుకుని వెళితే ప్రధాన పాత్ర ఇచ్చారు. తర్వాత అలబామాలోని అలెగ్జాండర్ సిటీలో ప్రాక్టీసు పెట్టుకుని ఊరందరికీ తల్లో నాలుకయ్యాడు. మైఖేల్ స్టీఫెన్సన్ పెద్దయ్యాక దర్శకుడయ్యాడు. మిగతావాళ్లలో చాలామందికి ఇది నటనా జీవితానికి మొదలూ, దాదాపు చివరా. తాము పనిచేసిన 'గాబ్లిన్స్' ఏ పేరుతో బయటికొచ్చిందో కూడా వాళ్లకి చెప్పినవాళ్లు లేరు.

## అభిమానుల సంగతి

థియేటర్లలో ఆడని సినిమాకి ఇంతమంది అభిమానులు ఎక్కణ్నించి వచ్చారు?

అమెరికాలో ఇది నేరుగా వీడియోలోకి వచ్చింది, ఆ తర్వాత కేబుల్ టీవీలో వేళకాని వేళల్లో పడేది. నిద్రపట్టక టీవీ పెట్టినవాళ్లు, వీడియో షాపులో పొరపాటున తెచ్చుకున్నవాళ్లు, ఇది చూసి ఒక్కరే భరించలేక స్నేహితుల్ని పిలిచారు. అలా ఇళ్లలో బృందాలుగా చూడటం మొదలైంది. 2003లో 'ట్రోల్', 'ట్రోల్ 2' కలిపి ఒకే డీవీడీగా వచ్చాయి. మొదటిదాని కోసం కొన్నవాళ్ల ఇళ్లలోకి రెండోది ఉచితంగా దూరింది.

ఇంటర్నెట్ వచ్చాక అంతవరకు ఎవరికివారే అనుకున్న అభిమానులు ఒకరికొకరు దొరికారు. సినిమాలకి జనం మార్కులు వేసే వెబ్‌సైట్ ఐఎండీబీలో అత్యల్ప రేటింగు సినిమాల జాబితాలో ఒకప్పుడు అట్టడుగున ఉండటం కూడా ఉచిత ప్రచారమే. 2006లో న్యూయార్క్‌లో నటుల్ని పిలిచి ప్రదర్శన పెడితే జనం బారులు తీరారు. 2008లో షూటింగ్ జరిగిన మోర్గన్ ఊళ్లోనే అభిమానులు ఒక జాతర లాంటిది చేసుకున్నారు. దర్శకుణ్ని నిలదీయడానికి కాదు, ఆ పచ్చిక బయళ్లలో నిలబడి డైలాగులు చెప్పుకోవడానికి.

దీని మీద డాక్యుమెంటరీ ఉందట, చూడాలా?

తప్పకుండా. పేరు 'బెస్ట్ వరస్ట్ మూవీ', 2009లో వచ్చింది. తీసింది జాషువాగా నటించిన మైఖేల్ స్టీఫెన్సనే. దంతవైద్యుడు జార్జ్ హార్డీ వెంట నడుస్తుంది. కిక్కిరిసిన హాళ్లలో జనం అతన్ని చూసి వెర్రెత్తిపోతారు. ఆ ఊపులో బ్రిటన్‌లో ఒక అభిమానుల సంతకి వెళితే అక్కడ అతనెవరో ఎవరికీ తెలియదు. ఖాళీ బల్ల ముందు కూర్చుని, వచ్చేపోయేవాళ్లకి తన డైలాగు తనే చెప్పి వినిపిస్తాడు. కీర్తి ఎంత కొలతలో వస్తుందో ఇంత స్పష్టంగా చూపించిన సినిమాలు తక్కువ. దర్శకుడు ఫ్రగాసో నటుల మీద అరిచే ఘట్టం కూడా ఇందులో ఉంది. 'ట్రోల్ 2' చూశాకే దీన్ని చూడండి.

నిజాయితీగా పనిచేసినవాళ్లని చూసి నవ్వడం తప్పు కాదా?

న్యాయమైన ప్రశ్న. అందరికీ ఈ నవ్వు తియ్యగా లేదు. డాక్యుమెంటరీలో కొందరు నటులు ఈ పేరుని సంబరంగా స్వీకరిస్తే, ఇంకొందరి జీవితాల్లో ఒంటరితనం, అనారోగ్యం కనిపిస్తాయి. వాళ్లు తెర మీద వింతగా కనిపించడానికి కారణం నటన ఒక్కటే కాదని అప్పుడు తెలుస్తుంది. అది తెలిశాక కొన్ని సన్నివేశాల దగ్గర నేను ఇదివరకటిలా నవ్వలేను, నవ్వాలని కూడా లేదు.

అయినా హాల్లో వినిపించే నవ్వు ఎక్కువగా ఎగతాళి నవ్వు కాదు. ఎగతాళి చేసేవాడు ఒకసారి చూసి వదిలేస్తాడు. వీళ్లు ప్రతి డైలాగూ కంఠస్థం చేసి, సొంత చేత్తో గాబ్లిన్ వేషాలు కుట్టుకుని, ఆర్నాల్డ్ పాత్రధారి కనిపిస్తే చేయి కలపడానికి వరసలో నిలబడతారు. సినిమాని చూసి నవ్వండి. మనుషుల ఇళ్ల దాకా వెళ్లి విసిగించకండి.

మూడో భాగం ఉందా?

ఒకటి కాదు, రెండు సినిమాలు 'ట్రోల్ 3' పేరుతో కొన్నిచోట్ల అమ్ముడయ్యాయి. రెంటికీ దీనితో కథా సంబంధం లేదు, రెండూ ఫిల్మిరాజ్ సరుకే. ఒకటి 'ది క్రాలర్స్', కలుషితమైన అడవిలో చెట్ల వేర్లు మనుషుల్ని చంపే కథ. ఇది కూడా పోర్టర్‌విల్‌లోనే తీశారు. రెండోది 'క్వెస్ట్ ఫర్ ది మైటీ స్వోర్డ్', జో డమాటో తీసిన కత్తియుద్ధాల జానపదం. చూడాలనుకుంటే రెండోది చూడండి. అందులో కొలిమి దగ్గర పనిచేసే ఒక కురూపి పాత్రకి 'ట్రోల్ 2'లోని గాబ్లిన్ వేషాన్నే తిరిగి వాడారు.